స్టూడియో సినిమాలకు ఎడిటర్ కావాలంటే

ముందుగా షోరీల్ పక్కన పెట్టండి. హాలీవుడ్ స్టూడియో సినిమాల ఎడిటింగ్‌లోకి ఎలా రావాలని నన్ను అడిగేవారిలో ఎక్కువమంది మొదట పంపేది అదే. రెండు నిమిషాల వీడియో, డప్పు దెబ్బకొకటి చొప్పున తెగే షాట్లు, చివర్లో మెరుస్తూ వచ్చే పేరు. ట్రైలర్లు, వాణిజ్య ప్రకటనలు చేసే సంస్థల్లో దానికి విలువ ఉంది. ఫీచర్ సినిమా కటింగ్ రూములో మాత్రం మిమ్మల్ని పనిలోకి తీసుకునేవారు దాన్ని తెరిచి కూడా చూడరు. రెజ్యుమే చూస్తారు. అందులోని సినిమాలకు తమకు తెలిసినవారెవరైనా పనిచేశారేమో వెతుకుతారు. వాళ్లకు ఫోన్ చేసి ఒకే ప్రశ్న అడుగుతారు: "ఈ మనిషిని మళ్లీ పెట్టుకుంటారా?"

నేను చాలాకాలం అసిస్టెంటుగా పనిచేసి ఎడిటర్ కుర్చీలోకి వచ్చాను. ఇప్పుడు అసిస్టెంట్లను ఎంచుకోవాల్సింది నేనే, ఆ ఫోన్ చేసేదీ నేనే. కాబట్టి ఇక్కడ రాసేదంతా ఆ ప్రశ్నకు అవుననే జవాబు ఎలా సంపాదించుకోవాలన్న దాని గురించే. కళ గురించిన మాటలు తక్కువగా ఉంటాయి. కళ అవసరమే, కానీ దాన్ని చూపించే అవకాశం చేతికి రావడానికే కొన్నేళ్లు పడుతుంది. ఆ కొన్నేళ్లు ఎలా గడపాలో చెప్పేవారు తక్కువ.

ఎవరు ఎవరిని పెట్టుకుంటారు

బయటినుంచి చూసేవారికి ఉద్యోగం ఇచ్చేది స్టూడియో అనిపిస్తుంది. బర్‌బ్యాంక్‌లోని వార్నర్ బ్రదర్స్‌కు, డిస్నీకి, మెల్‌రోజ్ అవెన్యూ మీది పారామౌంట్‌కు, కల్వర్ సిటీలో ఒకప్పటి ఎంజీఎం ప్రాంగణంలో ఉన్న సోనీకి దరఖాస్తులు పెట్టి నెలల తరబడి ఎదురుచూసేవారున్నారు. ఆ దరఖాస్తులన్నీ ఆఫీసు ఉద్యోగాలకు. ఎడిటింగ్ బృందం ఒక సినిమా కోసం కూడుతుంది, సినిమా పూర్తికాగానే చెదిరిపోతుంది. ఎడిటర్‌ను దర్శకులు కోరుకుంటారు, స్టూడియో ఒప్పుకుంటుంది. ఎడిటర్ తన ఫస్ట్ అసిస్టెంటును తెచ్చుకుంటారు. సెకండ్ అసిస్టెంట్, అప్రెంటిస్ ఎవరన్నది ఫస్ట్ అసిస్టెంట్ మాట మీద నడుస్తుంది. తేదీలు, బడ్జెట్ పోస్ట్ ప్రొడక్షన్ (షూటింగ్ తర్వాతి పనుల) సూపర్‌వైజర్ చూసుకుంటారు.

దర్శకులు ఎడిటర్లను ఊరికే మార్చరు. మార్టిన్ స్కోర్సెసీ కథాచిత్రాలకు 1980 నుంచి థెల్మా స్కూన్‌మేకరే ఎడిటర్. స్టీవెన్ స్పీల్‌బర్గ్ సినిమాల్లో 1977 నుంచి దాదాపు అన్నిటికీ మైఖేల్ కాన్ పనిచేశారు. ఇద్దరికీ మూడేసి ఆస్కార్లు. అలాంటి జంటల మధ్యకు బయటి ఎడిటర్ వెళ్లడం కష్టం, అసిస్టెంట్ వెళ్లడం సాధ్యం. కాన్ దగ్గర అసిస్టెంటుగా ఉన్న సారా బ్రోషర్ 2017లో వచ్చిన 'ది పోస్ట్'కు ఆయనతో పాటు ఎడిటర్‌గా తెర మీద పేరు చూసుకున్నారు. ఈ వృత్తిలో రాజమార్గం అంటూ ఉంటే ఇదే.

అందువల్ల సినిమా అయ్యాక హాలులో కూర్చుని చివరి పేర్లన్నీ చదవండి. ఎడిటర్ పేరు ఎలాగూ తెలుస్తుంది. మీరు రాసుకోవలసింది దాని కింద చిన్న అక్షరాల్లో వచ్చే అసిస్టెంట్ల పేర్లు. పెద్ద ఎడిటర్‌కు రాసే ఉత్తరం చాలావరకు వృథా. సెకండ్ అసిస్టెంటుకు రాసే ఉత్తరానికి జవాబు వచ్చే అవకాశం ఎక్కువ, ఎందుకంటే తాను ఇలాంటి ఉత్తరం రాసి ఇంకా ఎంతోకాలం కాలేదు. నాలుగు వాక్యాలు దాటకండి. ఏ సినిమాలో వారి పని చూశారు, మీకు ఇప్పుడు చేతనైనదేమిటి, ఏ ఊళ్లో ఉన్నారు, పావుగంట మాట్లాడగలరా. ఉద్యోగం అడగవద్దు. ఉద్యోగం తమ చేతిలో లేనివారిని అది అడిగితే మౌనమే జవాబు. పని ఎలా జరుగుతుందో అడిగితే చాలామంది సంతోషంగా చెబుతారు, ఆ తర్వాత ఎక్కడైనా ఖాళీ వచ్చినప్పుడు మీ పేరు గుర్తుకొస్తుంది.

మెట్లు, వంద రోజులు

అన్నిటికంటే కింది మెట్టు పోస్ట్ పీఏ, అంటే పోస్ట్ ప్రొడక్షన్‌లో చిల్లర పనులు చూసే సహాయకులు. హార్డ్ డ్రైవులు ఒకచోటినుంచి మరోచోటికి మోయడం, మధ్యాహ్న భోజనాలు తెప్పించడం, ప్రింటర్‌లో కాగితం నింపడం. ఈ పనిలో ఎడిటింగ్ నేర్చుకోలేరు. గది నేర్చుకుంటారు: తలుపు ఎప్పుడు తట్టాలి, దర్శకుడు లోపలున్నప్పుడు ఎవరు ఏం మాట్లాడతారు, ఏ మాట బయటికి పోకూడదు. దాని పైన అప్రెంటిస్, సెకండ్ అసిస్టెంట్, ఫస్ట్ అసిస్టెంట్. గ్రాఫిక్స్ ఎక్కువున్న సినిమాల్లో పక్కనే ఆ షాట్లు చూసుకునే వీఎఫ్‌ఎక్స్ (విజువల్ ఎఫెక్ట్స్) ఎడిటర్. ఆపైన అసోసియేట్ లేదా అడిషనల్ ఎడిటర్, చివరికి ఎడిటర్.

అప్రెంటిస్ నుంచి పైవన్నీ మోషన్ పిక్చర్ ఎడిటర్స్ గిల్డ్ కిందికి వస్తాయి. ఇది ఎడిటర్ల యూనియన్; సినిమా, నాటకరంగ కార్మికుల పెద్ద యూనియన్ ఐయాట్సీలో ఒక శాఖ, లోకల్ 700. స్టూడియో సినిమాలు గిల్డ్ ఒప్పందం మీద నడుస్తాయి కాబట్టి లాస్ ఏంజెలెస్‌లో పని చేయాలంటే ఇండస్ట్రీ ఎక్స్‌పీరియన్స్ రోస్టర్ అనే జాబితాలో మీ పేరు ఉండాలి. అసిస్టెంట్ ఎడిటర్‌గా ఆ జాబితాలోకి ఎక్కే మామూలు దారి, యూనియన్ లేని నిర్మాణాల్లో మూడేళ్ల లోపు 100 రోజులు జీతానికి ఆ పని చేసినట్టు రుజువు చూపడం. చిన్న బడ్జెట్ సినిమాలు, డాక్యుమెంటరీలు, యూనియన్ లేని రియాలిటీ షోలు ఇందుకు పనికొస్తాయి. నిబంధనలు అప్పుడప్పుడు మారుతుంటాయి కనుక దరఖాస్తుకు ముందు గిల్డ్ కార్యాలయాన్నే అడిగి ఖాయం చేసుకోండి.

ఇక్కడ బద్ధకం పనికిరాదు. మొదటి రోజు నుంచే ఒక ఫైలు తెరవండి. ప్రతి జీతం చీటీ, మీరు అసిస్టెంట్ ఎడిటర్‌గా పనిచేశారని కంపెనీ లెటర్‌హెడ్ మీద తేదీలతో సహా రాసిచ్చిన పత్రం అందులో పెట్టండి. ఆ పత్రం పని ముగిసిన వారంలోనే తీసుకోండి. చిన్న నిర్మాణ సంస్థలు ఒక్క సినిమాకే పుట్టి మాయమవుతాయి. ఏడాది తర్వాత సంతకం పెట్టే మనిషి దొరకడు. చీటీ మీద హోదా "ఎడిటోరియల్" అని మోఘంగా కాకుండా "అసిస్టెంట్ ఎడిటర్" అని స్పష్టంగా ఉండేలా చూసుకోండి. ఉచితంగా చేసిన రోజులు అనుభవానికే తప్ప ఈ లెక్కకు రావు.

అమెరికన్ సినిమా ఎడిటర్స్ అనే సంస్థ 1950 నుంచి ఉంది. గౌరవ సంఘమే కానీ యూనియన్ కాదు. వారి ఇంటర్న్‌షిప్‌కు ఎంపికయ్యేవారు కొద్దిమందే అయినా దరఖాస్తు చేయండి. అందులో అడిగే వ్యాసం రాయడానికి కూర్చుంటే మీకు ఈ పని ఎందుకు కావాలో మీకే తేటపడుతుంది.

మన దేశం నుంచి చదువుకోవడానికి వెళ్లినవారికి ఇంకో చిక్కు. విద్యార్థి వీసా మీద చదువు అయ్యాక సాధారణంగా దొరికే ఓపీటీ (చదివిన రంగంలో పనిచేసే అనుమతి) ఒక్క ఏడాది. ఆ తర్వాత సినిమావారు ఎక్కువగా వెళ్లే దారి ఓ-1 వీసా, అసాధారణ ప్రతిభ చూపినవారికి ఇచ్చేది. దానికి సంబంధిత యూనియన్, నిర్మాతల పక్షం సంస్థ రెండింటి అభిప్రాయ లేఖలూ కావాలి. మీ పేరున్న సినిమాలు, వాటి గురించి వచ్చిన వార్తలు, పెద్దవారి సిఫారసులు ఆ ఏడాదిలోనే కూడబెట్టుకోవాలి. ఇమిగ్రేషన్ లాయరును ఓపీటీ మొదట్లోనే కలవండి, చివర్లో కాదు.

సాఫ్ట్‌వేర్ విషయం ఒక్క ముక్కలో. ఆవిడ్ మీడియా కంపోజర్ నేర్చుకోండి. ప్రీమియర్, రిజాల్వ్ తెలిసి ఉంటే మంచిదే. కానీ 1989లో వచ్చిన ఆవిడ్ ఈ గదుల్లో పాతుకుపోయింది. 1996 నాటి 'ది ఇంగ్లిష్ పేషెంట్' దాని మీద కట్ అయి ఎడిటింగ్ ఆస్కార్ గెలుచుకున్నాక ఇక వెనక్కి చూసినవారు లేరు. ఒకే ప్రాజెక్టును ఐదారుగురు ఒకేసారి తెరిచి, ఎవరి బిన్‌లో (క్లిప్పులు పెట్టుకునే ఫోల్డరులో) వారు పనిచేసుకోవడానికి అది ఇచ్చే వెసులుబాటే అసలు కారణం. ఒకరు తెరిచిన బిన్ మిగతావారికి తాళం పడి కనిపిస్తుంది. చూడవచ్చు, మార్చలేరు. ఇంట్లో ఒంటరిగా ఎంత సాధన చేసినా ఈ అలవాటు రాదు కాబట్టి మరొకరితో కలిసి ఒక చిన్న సినిమా చేయండి.

డైలీస్: మీ పేరు నిలిచేది ఇక్కడే

నిన్న తీసిన ఫుటేజ్‌ను ల్యాబ్ రాత్రంతా మార్చి ఉదయానికి పంపుతుంది. దాన్నే డైలీస్ అంటారు. దానితో పాటు కెమెరా రిపోర్టు, సౌండ్ రిపోర్టు, స్క్రిప్ట్ సూపర్‌వైజర్ గీతలు గీసిన స్క్రిప్టు పేజీలు వస్తాయి. ఎడిటర్ వచ్చేసరికి సీను కట్ చేయడానికి సిద్ధంగా ఉండాలి. ఈ పనిని దగ్గరగా చూపిస్తాను, ఎందుకంటే మంచి అసిస్టెంట్ అన్న మాట పుట్టేది ఇక్కడినుంచే.

సీన్ 42 అనుకోండి. తండ్రీ కూతురూ బల్లకు అటొకరు ఇటొకరు కూర్చున్నారు, కూతురు ఇల్లు వదిలి వెళ్తున్నానని చెబుతోంది. క్లాప్ బోర్డు మీద 42 అని ఉన్నది ఇద్దరూ కనిపించే మాస్టర్ షాట్. 42ఏ తండ్రి ముఖం, 42బీ కూతురి ముఖం, 42సీ బల్ల మీది ఉత్తరం. అమెరికన్ పద్ధతిలో ఇలా ఇంగ్లిష్ అక్షరాలు వరుసగా వస్తాయి. ఐ, ఓ అక్షరాలను వదిలేస్తారు, ఒకటితోనూ సున్నాతోనూ పొరబడకుండా.

మొదట లెక్క చూడండి. కెమెరా రిపోర్టులో 42ఏ ఐదు టేకులని ఉండి మీ దగ్గర నాలుగే ఉంటే ఇంకే పనీ ముట్టుకోకుండా ల్యాబ్‌కు ఫోన్ చేయండి. తర్వాత సింక్, అంటే బొమ్మనూ శబ్దాన్నీ కలపడం. టైమ్‌కోడ్ (ప్రతి ఫ్రేముకూ ఉండే గంట, నిమిషం, సెకను, ఫ్రేము అంకె) సరిపోయిందని కంప్యూటర్ చెప్పినా నమ్మవద్దు. క్లాప్ మూసుకున్న ఫ్రేము, శబ్దం ఎగసిన చోటు కలిశాయో లేదో ప్రతి టేకుకూ కళ్లతో చూడండి. క్లాప్ కనిపించని టేకు ఉంటే నటుల పెదవులు చూడండి. ప, బ, మ పలికేటప్పుడు పెదవులు కలుస్తాయి. అక్కడ ఒక్క ఫ్రేము జారినా దొరికిపోతుంది.

రెండు కెమెరాలతో తీసి ఉంటే రెంటి ఫుటేజ్‌నూ ఒకే క్లిప్పులా నడిచేలా గ్రూపు చేయాలి. ఆ తర్వాత బిన్ సర్దడం. ఒక్కో ఎడిటర్‌ది ఒక్కో పద్ధతి. మొదటి రోజే అడగండి, ఊహించవద్దు. నా బిన్‌లో ఒక్కో సెటప్ (42ఏ, 42బీ లాంటి ఒక్కో కెమెరా కోణం) ఒక్కో వరుసగా, టేకులు ఎడమనుంచి కుడికి ఉండాలి. ప్రతి క్లిప్ మీద కనిపించే బొమ్మ క్లాప్ బోర్డుది ఉండకూడదు. ఆ షాట్ దేని కోసం తీశారో ఆ క్షణానిది ఉండాలి. కూతురు తల ఎత్తి చూసిన ఫ్రేము అక్కడ పెట్టారంటే మీరు ఆ షాట్ చూశారని నాకు తెలుస్తుంది. క్లాప్ బోర్డు బొమ్మ వదిలేస్తే ఫైలు దిగుమతి చేసి చేతులు దులుపుకున్నారని తెలుస్తుంది.

టేకు మధ్యలో దర్శకుడు ఆపకుండా "మళ్లీ చెప్పు, ఈసారి నెమ్మదిగా" అన్న చోట్లన్నిటికీ మార్కర్లు పెట్టండి. రిపోర్టులో అదంతా ఒకే టేకుగా ఉంటుంది. లోపల ఒకే మాట ఏడు రకాలుగా ఉండవచ్చు. స్క్రిప్ట్‌సింక్ వాడే గది అయితే ఒక డైలాగు మీద నొక్కగానే అన్ని టేకుల్లోనూ ఆ డైలాగు వరుసగా వినిపించేలా చేయాలి. దర్శకుడు పక్కన కూర్చుని "ఈ మాట ఇంకోలా చెప్పాడా?" అని అడిగినప్పుడు ఎడిటర్ మూడు సెకన్లలో చూపించగలిగారంటే అది అసిస్టెంటు చలవే.

ఫుటేజ్‌లో లోపం కనిపించిందనుకోండి: ఫోకస్ జారింది, మైకు నీడ గోడ మీద పడింది. నేరుగా షూటింగ్ చోటికి ఫోన్ చేయకండి. ముందు ఎడిటర్‌కు చెప్పండి. దాన్ని ఎవరికి, ఏ మాటల్లో చెప్పాలో ఎడిటర్ చూసుకుంటారు. అలాగని ఆలస్యం చేయకూడదు. ఫుటేజ్ బాగుందని మాట వచ్చేదాకా సెట్టు విప్పకుండా ఉంచుతారు. ఆ మాట మీ గదినుంచే వెళ్తుంది. విప్పేసిన సెట్టును మళ్లీ కట్టాలంటే ఎంతవుతుందో ఆలోచించుకోండి.

ఫుటేజ్ ఎంత వస్తుందని అడుగుతారు. 'మ్యాడ్ మ్యాక్స్: ఫ్యూరీ రోడ్'కు మార్గరెట్ సిక్సెల్ ముందుకు వచ్చింది దాదాపు 480 గంటల ఫుటేజ్. అందులోంచి రెండు గంటల సినిమా తీసి 2016లో ఆస్కార్ అందుకున్నారు. అంతకుముందు ఆమె యాక్షన్ సినిమా కట్ చేసి ఎరుగరు. ఆ 480 గంటల్లో ఏది ఎక్కడుందో తెలిసిన అసిస్టెంట్లు లేకపోతే ఏ ప్రతిభా అక్కరకు రాదని నా అభిప్రాయం.

టర్నోవర్

సినిమా రూపం తేరుకున్నాక సౌండ్, సంగీతం, గ్రాఫిక్స్ విభాగాలకు కట్‌ను అప్పగించడాన్ని టర్నోవర్ అంటారు. విసుగు పుట్టించే పని. తప్పు జరిగితే అందరికీ వెంటనే కనబడే పని కూడా ఇదే.

సినిమా ఫిల్ము నుంచి బయటికి వచ్చినా రీళ్ల లెక్క వదలలేదు. 35 ఎంఎం ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు, సెకనుకు 24 ఫ్రేములు, అంటే నిమిషానికి 90 అడుగులు. 2000 అడుగుల రీలు 22 నిమిషాలకు పైచిలుకు. ఇప్పటికీ సినిమాను 20 నిమిషాలకు అటూ ఇటూగా రీళ్లుగా విడగొట్టే పంచుతాం. మొదటి రీలు టైమ్‌కోడ్ ఒకటో గంటతో, రెండోది రెండో గంటతో మొదలవుతుంది. బొమ్మకు ముందు లీడర్ అనే ఎనిమిది సెకన్ల పట్టీ ఉంటుంది. మొదటి రీలులో బొమ్మ 01:00:08:00 దగ్గర మొదలవుతుంది. సరిగ్గా దానికి రెండు సెకన్ల ముందు, 01:00:06:00 దగ్గర, ఒక్క ఫ్రేము పాటు "బీప్" మనే శబ్దం ఉండాలి. దాన్ని టూ పాప్ అంటారు. రీలు చివర బొమ్మ అయిపోయాక రెండు సెకన్లకు ఇంకొకటి, టెయిల్ పాప్. సౌండ్ విభాగంవారు ఈ రెండు బీప్‌లనూ తమవాటితో సరిచూసి అంతా కుదిరిందని నిర్ధారించుకుంటారు. మొదటిది కుదిరి చివరిది కుదరలేదంటే మధ్యలో ఎక్కడో కట్ మారింది, ఎవరికీ చెప్పలేదు.

అందుకే పంపే ముందు ఎగుమతి అయిన ఫైలును మళ్లీ తెరిచి మొదటి పాప్, చివరి పాప్, మధ్యలో ఏవైనా మూడు చోట్లు చూడండి. ఫైలు తయారైందని కంప్యూటర్ గంట కొట్టడం వేరు, ఫైలు బాగుండటం వేరు. ఏ తేదీన ఏ రీలు ఏ వెర్షన్ ఎవరికి వెళ్లిందో ఒకచోట రాసిపెట్టండి. కట్ మళ్లీ మారుతుంది, తప్పకుండా మారుతుంది. అప్పుడు పాతదానికీ కొత్తదానికీ తేడా చూపే మార్పుల జాబితా మీరే ఇవ్వాలి. రహస్యం సంగతి వేరే చెప్పనక్కర్లేదు. ఎడిటింగ్ యంత్రాలకు ఇంటర్నెట్ ఉండదు, బయటికి వెళ్లే ప్రతి కాపీ మీద తీసుకున్నవారి పేరు వాటర్‌మార్కుగా పడుతుంది. ఒక్క ఫొటో బయటపడితే ఆ ఊళ్లో మీ ఉద్యోగ జీవితం అంతటితో సరి.

అసిస్టెంటుగా ఉంటూ కట్ చేయడం నేర్చుకోవడం

ఇక్కడ ఒక ఉచ్చు ఉంది. సర్దడంలో మీరు ఎంత గట్టివారైతే ఎడిటర్లు మిమ్మల్ని అంత గట్టిగా అసిస్టెంటుగానే పట్టుకుంటారు. పెద్ద సినిమాల ఫస్ట్ అసిస్టెంటుకు జీతం బాగుంటుంది, గౌరవం ఉంటుంది. అక్కడే పదిహేనేళ్లు గడిచిపోయినవారు నాకు తెలుసు. అది ఇష్టపడి ఎంచుకున్నవారి గురించి నాకు పేచీ లేదు. ఎడిటర్ కావాలనుకుని అక్కడ చిక్కుకున్నవారి గురించే నా బాధ.

పనివేళలు ముగిశాక ఒక సీను కట్ చేసుకుంటానని ఎడిటర్‌ను అడగండి. ఎడిటర్ చేసిన కట్ చూడకముందే మీది పూర్తిచేయండి. చూశాక చేస్తే అనుకరణే అవుతుంది. మీ బిన్‌లోనే చేయండి, అసలు సీక్వెన్సుల జోలికి పోవద్దు, ఎవరికీ చూపించవద్దు. ఆ తర్వాత రెంటినీ పక్కపక్కన పెట్టి చూడండి.

మళ్లీ సీన్ 42కే వెళ్దాం. కొత్తవారు ఎవరు మాట్లాడితే వారి ముఖం చూపిస్తారు. కూతురు మాట్లాడుతుంది, కూతురు. తండ్రి మాట్లాడతాడు, తండ్రి. ఇద్దరూ బంతాట ఆడుతున్నట్టుంటుంది. అనుభవమున్న ఎడిటర్ "నేను వెళ్తున్నాను" అన్న మాట సగంలో ఉండగానే తండ్రి మీదికి వెళ్తారు. మాట ఒకరిది, ముఖం మరొకరిది. ఆ వార్త ఎవరికి తగులుతుందో సీను వారిది కాబట్టి. లేదా అసలు వెళ్లరు. తండ్రి "మంచిది" అన్న ఒక్క మాటను ఉత్తరం మీద వినిపించి, ఆయన ముఖాన్ని మనకు దాచిపెడతారు. రెండూ సరైనవే కావచ్చు. ఏది సరైనదన్నది సీన్ 41లో ప్రేక్షకుడికి ఏం తెలుసు, సీన్ 60లో తండ్రి ఏం చేయబోతాడు అన్న దాన్ని బట్టి తేలుతుంది. మీ కట్‌కూ ఎడిటర్ కట్‌కూ మధ్య కనిపించే ప్రతి తేడా దగ్గర ఆగి, ఎందుకు అని మీకు మీరే రాసుకోండి. జవాబు దొరకని రెండు మూడింటిని మాత్రమే ఎడిటర్‌ను అడగండి. ఇరవై ప్రశ్నలు పట్టుకెళ్తే మరోసారి సీను ఇవ్వరు.

కొన్నాళ్లకు ఎడిటర్ తానుగా "42 నువ్వు మొదలుపెట్టు" అంటారు. తాత్కాలిక సంగీతం, తాత్కాలిక శబ్దాలు పెట్టమంటారు. వీటిని తక్కువగా చూడకండి. దర్శకుడి చెవిలో మొదట పడేది మీరు వేసిన ఆ శబ్దాలే. అలా పని చూపించినవారికి అడిషనల్ ఎడిటర్ హోదా వస్తుంది.

ఇంకో దారి, తక్కువ డబ్బుకు చిన్న సినిమా పూర్తిగా కట్ చేయడం. పెద్ద సినిమాకు ఫస్ట్ అసిస్టెంటుగా రమ్మని, అదే వారం చిన్న సినిమాకు ఎడిటర్‌గా రమ్మని పిలుపులు వస్తే ఏం చేయాలి? ఇంటి అద్దె కట్టగలిగితే చిన్నదే తీసుకోండి. ఎడిటర్ అన్న హోదాతో పూర్తయిన ఒక సినిమా మీ చేతిలో లేనంతకాలం ఏ స్టూడియో అధికారీ మీ పేరుకు సరే అనడు.

నోట్స్ వినడం

డైరెక్టర్స్ గిల్డ్ ఒప్పందం ప్రకారం స్టూడియో సినిమా దర్శకుడికి తన కట్ సిద్ధం చేసుకోవడానికి కనీసం 10 వారాలుంటాయి. అంతవరకు గది ప్రశాంతంగా ఉంటుంది. తర్వాత స్టూడియో నోట్స్ (మార్పులు కోరే సూచనలు) వస్తాయి, ఆపైన ప్రివ్యూలు.

స్టూడియో అధికారి "మధ్యలో బరువుగా ఉంది" అని రాస్తాడు. కోపం తెచ్చుకోకండి, చెప్పింది చెప్పినట్టు చేసి మధ్యలోంచి సీన్లు తీసేయనూ వద్దు. ఆయనకు విసుగు పుట్టిందన్నది నిజం. ఎక్కడ పుట్టిందన్నది మాత్రం ఆయనకూ తెలియకపోవచ్చు. చాలాసార్లు లోపం పావుగంట ముందుంటుంది. ఎవరు ఎవరికి ఏమవుతారో అక్కడ తికమకపడ్డ ప్రేక్షకుడు అప్పటినుంచీ పట్టు తప్పి ఉంటాడు. అక్కడ ఒక్క చూపు, ఒక్క మాట చేర్చితే మధ్యభాగం ముట్టుకోకుండానే తేలికవుతుంది. దర్శకుడికి ఇష్టంలేని నోటును కూడా ఒకసారి చేసి చూపించండి. పాత కట్ ఎక్కడికీ పోదు. చేయకుండా వాదిస్తే అహంకారం అంటారు, చేసి చూపిస్తే చర్చ సినిమా మీదికి వస్తుంది.

ప్రివ్యూలో కొన్ని వందలమంది సినిమా చూసి కార్డులు నింపుతారు. అద్భుతం, చాలా బాగుంది అన్న రెండు గడుల్లో ఎంతమంది టిక్కు పెట్టారన్నదే స్టూడియో మొదట చూసే అంకె. మీరు హాలులో పక్క వరుసలో కూర్చుని తెరను వదిలి మనుషులను చూడండి. దగ్గులు, ఒరుసుకునే కాళ్లు, బయటికి లేచే మనుషులు ఏ సీన్లో మొదలయ్యారో రాసుకోండి. హాస్య చిత్రాలకు హాలు నవ్వులు రికార్డు చేసి ఆవిడ్‌లో సినిమా పక్కన పెట్టుకుంటారు. నవ్వు ఆగకముందే తర్వాతి డైలాగు వస్తోందా, నవ్వు రాని చోట ఖాళీ వదిలామా అన్నది ఆ గీతల్లో కంటికి కనిపిస్తుంది.

ఇంత చేశాక కూడా స్టూడియో మరో ఎడిటర్‌ను తెచ్చి పక్క గదిలో కూర్చోబెట్టవచ్చు. ఆ రోజు మీ ముఖం ఎలా ఉందో అసిస్టెంట్లందరూ గమనిస్తారు. ఫుటేజ్ ఎక్కడుందో కొత్తవారికి చూపించి, మీ పని మీరు చేసుకోండి.

పని లేని నెలలు

సినిమాకూ సినిమాకూ మధ్య ఖాళీలు ఈ వృత్తిలో భాగం. 2023లో రచయితల సమ్మె 148 రోజులు, నటులది 118 రోజులు సాగింది. కటింగ్ రూములు మూతపడ్డాయి. ఆరు నెలల జీవనానికి సరిపడా డబ్బు బ్యాంకులో ఉంచుకోండి. ఆరోగ్య బీమా కొనసాగాలంటే ప్రతి ఆరు నెలల గడువులో 400 గంటల యూనియన్ పని లెక్కకు రావాలి. 400కు దగ్గరగా వచ్చి గంటలు ఆగిపోతే ఒక నెల చిన్న ఉద్యోగానికైనా వెళ్లి పూర్తిచేసుకోండి. ఫస్ట్ అసిస్టెంట్ హోదాలో ఉన్నవారు సెకండ్‌గా వెళ్లడానికి సిగ్గుపడతారు. అనవసరం.

మొదటి స్టూడియో సినిమా

దర్శకుడితో మీటింగ్ కుదిరితే స్క్రిప్టు రెండుసార్లు చదివి వెళ్లండి. మొదటిసారి ప్రేక్షకుడిలా ఆపకుండా, రెండోసారి పెన్సిల్‌తో. అక్కడ స్క్రిప్టులో ఏది తీసేయాలో చెప్పకండి, అది ఇంకా మీ పని కాదు. ఏ సీను గురించి దర్శకుడికి భయంగా ఉందో అడగండి. దాదాపు ప్రతి దర్శకుడికీ ఒకటి ఉంటుంది, ఆ ప్రశ్న అడిగేవారు తక్కువ. మిగతా సమయమంతా ఆ జవాబు వినడానికే సరిపోతుంది.

పని ఖాయమయ్యాక ఒప్పందం సంగతి ఏజెంటు చూస్తాడు. ఏజెంటు లేకపోతే సినిమా లాయరుకు కొంత డబ్బిచ్చి చదివించండి. వారం జీతం ఎంతన్నది అందరూ అడుగుతారు. అడగడం మరిచిపోయేవి వేరే ఉన్నాయి: తెర మీద పేరు మొదటి టైటిల్స్‌లో, ఒంటరిగా ఒక కార్డు మీద వస్తుందా, ఎన్ని వారాలకు హామీ ఉంది, మరో ఎడిటర్ వస్తే మీ పేరు ఏ వరుసలో ఉంటుంది, షూటింగ్ వేరే ఊళ్లో అయితే బస ఎవరిది. వీటితో పాటు మీ ఫస్ట్ అసిస్టెంటును మీరే ఎంచుకునే హక్కు కాగితం మీద రాయించుకోండి. పోస్ట్ సూపర్‌వైజర్ నోటిమాటగా "చూద్దాం లెండి" అంటే ఒప్పుకోవద్దు. ఎవరిని పెట్టుకోవాలో అప్పటికే మీకు తెలిసి ఉంటుంది, సంతకానికి ముందే ఆ మనిషికి ఫోన్ చేసి తేదీలు ఖాళీగా ఉన్నాయో లేదో కనుక్కోండి.